ద్వీపరాజ్యములు - నీట మునిగిన గ్రామము

(గజ్వేలు చెంత ముట్రాజుపల్లి పునరావాస కాలనీయందు వేములఘాట్ గ్రామస్థుల సభలో చేసిన ఉపన్యాసము)



ద్వీపదేశముల చరిత్రమును, భూగోళమును గూర్చి నాలుగు మాటలు చెప్పుడని మీ గ్రామయువకులు మమ్ము కోరినపుడు మాకు మొదట నవ్వు వచ్చెను. సముద్రమునకు ఎంతో దూరమున, దక్కను పీఠభూమిపై, మక్కచేలనడుమ పుట్టి పెరిగినవారు మీరు. వేములఘాట్‌కు సముద్రముతో నేమి పని యనుకొంటిమి. ఇంటికి పోయి పటము తెఱచి, న్యాయస్థానముల తీర్పులు కొన్ని తిరుగవేసిన పిమ్మట ఆ నవ్వు మాయమయ్యెను. మీ యువకులు అడుగవలసినదే అడిగిరి.

మీ ఊరిపై నేడు నీరు నిలిచియున్నది. 2021 ఆగష్టులో మల్లన్నసాగరమును నింప నారంభించిరి. 2022 ఫిబ్రవరి 23వ తేదీన దానికి ప్రారంభోత్సవము జరిపిరి. పల్లెపహాడ్, ఏటిగడ్డకిష్టాపూర్, లక్ష్మాపూర్ మొదలగు ఊళ్ళతోపాటు వేములఘాట్‌ను ఏబది టి.ఎం.సి.ల జలాశయమున కలిసిపోయినది. నేల పోయిన పిమ్మట ఊరు ఉన్నట్లా, లేనట్లా? ఈ ప్రశ్నయే నేడు పసిఫిక్ మహాసముద్రములోని చిన్నదేశములు ప్రపంచమును అడుగుచున్నవి. కొన్ని దీవులవారు మనకంటె అర్ధశతాబ్దము ముందుగనే అడిగిరి. వారికి దొరకిన సమాధానములు మనకు పనికివచ్చును.

ముందుగ మాటను చూతము. ద్వీపము సంస్కృతపదము, దీవి యనునది మన నోట నానిన రూపము. గోదావరి పాయలనడుమ వెలసిన ఊళ్ళను కోనసీమవారు లంకలందురు. ఏటివరద లంక నొకవైపు కోసి, మఱియొకవైపు మేటవేయును. తాత దున్నిన చేను మనుమనికి ఏటిలో కనబడును. కృష్ణ సముద్రమున కలియుచోట దివిసీమ కలదు. 1977 నవంబరు 19వ తేదీనాటి ఉప్పెనను ఆ సీమవారు నేటికిని మఱువలేదు. కావున నీటిచేత నేల పోవుట తెలుగువానికి క్రొత్త కాదు.

మన తెలంగాణము మాత్రము సముద్రమునకు దూరమైనది. 1766వ సంవత్సరపు సంధిలో నిజాము ఉత్తరసర్కారులను ఆంగ్ల వర్తకసంఘమునకు వదలుకొనుటతో ఆ తీరము హైదరాబాదు రాజ్యమునుండి తొలగెను. తుదకు 1947 ఆగష్టు 15 మొదలు 1948 సెప్టెంబరు 17 వఱకు ఆ రాజ్యము నలువైపుల భారతభూమిచేత చుట్టబడి ఒంటరిగ నిలిచినది. లోపలి ప్రజ మాట వినని పాలకుడు నేలనడుమ కూడ దీవిని కట్టగలడని మన పెద్దలు ఆ పదమూడు నెలలలో చూచిరి.

ఇక భూగోళము. దీవులలో ముఖ్యముగ మూడు తెగలు కలవు. సముద్రగర్భమున అగ్నిపర్వతము ప్రేలి, కరగిన రాయి పేరుకొని నీటిపైకి లేచినది మొదటి తెగ, మారిషస్ ఇట్టిది. అట్టి పర్వతము కాలక్రమమున క్రుంగిపోవుచుండగా దాని అంచున పగడపుపురుగులు కట్టిన గోడ మాత్రము పైకి పెరుగుచు, నడుమ మడుగుతో ఉంగరమువలె మిగులును. ఇది రెండవ తెగ. డార్విను 1842లో ఈ క్రమమును వివరించెను. చాగోస్, తువాలు దీవులు ఈ తెగవి. వీనిపై కొండలు లేవు, ఏరులు లేవు. వానపడిన మంచినీరు ఇసుకలో నింకి ఉప్పునీటిపై పలుచని పొరగ తేలుచుండును; ఆ పొరయే వారి బావి. సముద్రము కొంచెము పొంగి ఆ పొరలో ఉప్పు కలసినచో, దీవి మునుగకముందే బ్రతుకు మునుగును. పగడపుదిబ్బ నీటిపైకెత్తబడి, దానిపై యుగములతరబడి ఎరువునకు పనికివచ్చు ఫాస్ఫేటు పేరుకొన్నది మూడవ తెగ. బనాబా, నౌరు ఇట్టివి. ఈ మూడవ తెగకు ఆ సంపదయే శత్రువయ్యెను.

న్యాయశాస్త్రము దీవి నేమనును? 1982వ సంవత్సరపు సముద్రన్యాయ ఒడంబడిక 121వ అధికరణము ప్రకారము, సహజముగ నేర్పడి, నీటిచే చుట్టబడి, పోటుసమయమునకూడ నీటికి పైగ నుండు నేలయే దీవి. దానిచుట్టు 12 సముద్రపు మైళ్ళవఱకు ఆ దేశపు ఏలుబడి. 200 మైళ్ళవఱకు చేపలు మొదలగు సంపదపై హక్కు. అందుచేతనే 811 చదరపు కిలోమీటర్ల నేలగల కిరిబాతి దేశమునకు సుమారు 35 లక్షల చదరపు కిలోమీటర్ల సముద్రముపై హక్కు కలిగినది. కాని ఒక నియమము కలదు: మనుష్యనివాసమునకు గాని, స్వంత ఆర్థికజీవనమునకు గాని తగని ఒట్టి బండకు ఆ 200 మైళ్ళ హక్కు లేదు. దీవి విలువకు మనిషి బ్రతుకే కొలతయని శాస్త్రమే చెప్పుచున్నది. ఈ మాటను జ్ఞప్తియందుంచుకొనుడు.

తెలుగువారి కథతో చరిత్ర నారంభింతము. మారిషస్‌లో పూర్వము మనుష్యులే లేరు. 1598లో డచ్చివారు దిగి తమ రాజకుమారుడైన మారిస్ పేరు పెట్టిరి, 1710లో విడిచిపోయిరి. 1715లో ఫ్రెంచివారు, 1810లో ఆంగ్లేయులు వచ్చిరి. చెఱకుతోటలలో ఆఫ్రికానుండి తెచ్చిన బానిసలు పనిచేసిరి. 1835 ఫిబ్రవరి 1న బానిసత్వము రద్దుకాగా, తోటలవారికి కూలీలు కావలసివచ్చిరి. 1834 మొదలు 1920 వఱకు దాదాపు 5 లక్షలమంది భారతీయులు ఒప్పందపు కూలీలుగ ఆ దీవికి చేరిరి. పోర్టులూయి రేవులో వారు దిగి ఎక్కిన రాతిమెట్లు నేటికిని ఉన్నవి. 2006లో ఐక్యరాజ్యసమితివారి విద్యాసాంస్కృతిక సంస్థ ఆ అప్రవాసి ఘాటును ప్రపంచవారసత్వ స్థలముగ గుర్తించినది.

వారిలో మన తెలుగువారు వేలకొలది కలరు. గోదావరి ముఖద్వారమున నున్న కోరంగి రేవునుండి ఓడలెక్కినందున మారిషస్‌లో తెలుగువారికి కోరంగులను పేరు పడెను. 1839 నవంబరులో కోరంగి తుపానువాత బడి శిథిలమయ్యెను. రేవు పోయినను దాని పేరు మాత్రము పరదేశమున ఒక జాతికి నిలిచినది. ఆ కూలీలు చదువుకొన్నవారు కారు. ఐనను రామభజనము చేసిరి, సింహాద్రి అప్పన్నను కొలిచిరి, అమ్మోరు పండుగ మానలేదు. వారి మనుమలయిండ్లలో క్రియోలుభాష రాజ్యమేలినను, 1946లో ఆంధ్రమహాసభ స్థాపించుకొని పిల్లలకు అక్షరములు నేర్పిరి. నేడచ్చట ఉగాది దేశమంతటికి సెలవుదినము. 1990లో తృతీయ ప్రపంచ తెలుగు మహాసభలు ఆ దీవియందే జరిగినవి. నేల పోయినవారిని నిలిపినది ఒక సభ, ఒక పండుగ, ఒక పేరు.

అయితే ఈ మారిషస్ కథలో ఒక చీకటి అధ్యాయము కలదు. దానికొఱకే మేము నేడిచ్చటికి వచ్చితిమి.

మారిషస్‌కు ఈశాన్యదిశగ 2,000 కిలోమీటర్లకు పైదూరమున చాగోస్ అను పగడపుదీవుల సమూహము కలదు. మారిషస్ వలసరాజ్యములో నది భాగము. అచ్చట ఆఫ్రికా బానిసల సంతతివారును, కొందరు దక్షిణభారతపు కూలీల సంతతివారును కొబ్బరితోటలలో తరతరములుగ బ్రతుకుచుండిరి. మారిషస్ నాయకులు 1965 సెప్టెంబరులో స్వాతంత్ర్యమునకై లండనులో సంప్రదింపులు జరుపుచుండగా, ఆంగ్లప్రభుత్వము చాగోసును విడదీసి తమ యధీనమున ఉంచుకొనదలచినది. అమెరికాకు సైనికస్థావరము కావలసియుండెను. నాయకులు అంగీకరించిరి. 30 లక్షల పౌనులు పరిహారమని నిర్ణయమయ్యెను. 1965 నవంబరు 8న చాగోస్ విడిపోయెను. 1968 మార్చి 12న మారిషస్ స్వతంత్రమయ్యెను. ఆ స్వాతంత్ర్యమునకు వెల కట్టినవారు సంప్రదింపుల బల్లయొద్ద లేనేలేరు.

ఆ మీద జరిగినది వినుడు. శాశ్వతనివాసులుగల వలసప్రాంతమైనచో ఐక్యరాజ్యసమితికి జవాబు చెప్పవలసియుండును. కావున అధికారులు తమ దస్త్రములలో ఆ ప్రజలను శాశ్వతనివాసులుగ గాక, తాత్కాలికపు ఒప్పందకూలీలుగ చూపదలచిరి. కలముతో ముందు జనమును చెఱిపి, పిదప ఓడలతో తరలించిరి. వైద్యమునకో, బంధువులను చూచుటకో మారిషస్ వచ్చినవారిని తిరిగి ఓడ ఎక్కనీయలేదు. 1971లో వారి పెంపుడుకుక్కలను పట్టి విషవాయువుతో చంపిరి. 1973 నాటికి సుమారు 1,500 నుండి 2,000 మంది తమ దీవులను కోలుపోయి, మారిషస్, సెషెల్స్ వీధులలో దిక్కులేనివారైరి.

1982లో ఆంగ్లప్రభుత్వము 40 లక్షల పౌను లిచ్చుటకు ఒప్పుకొనినది. సొమ్ము పుచ్చుకొనుచు చాగోసువారు తమకు తెలియని ఇంగ్లీషుకాగితములపై వేలిముద్రలు వేసిరి. ఇకపై ఏ హక్కును కోరబోమని వానిలో వ్రాసియున్నదని పెక్కురికి తెలియలేదు. ముప్పది సంవత్సరములు గడచిన పిమ్మట, 2012లో, ఐరోపా మానవహక్కుల న్యాయస్థానము ఆ ఒప్పందమునే కారణముగ చూపి వారి ఫిర్యాదును త్రోసివేసినది. ఒక వేలిముద్ర ముప్పది యేండ్లకు వచ్చి తలుపు మూసినది! న్యాయవాదులమగు మాకు ఇంతకంటె భయము గొలుపు వార్త లేదు.

ఐనను ఆ ప్రజలు సభ మానలేదు. స్త్రీలు ముందు నిలిచి నిరాహారదీక్షలు చేసిరి. 2000లో లండను హైకోర్టు వారి వెలివేత చట్టవిరుద్ధమనెను. 2004లో రాజశాసనముచేత ఆ గెలుపు హరింపబడెను. 2008లో ప్రభువుల సభలోని న్యాయమూర్తులు మువ్వురు ఒకవైపు, ఇరువురు మఱియొకవైపు నిలువగా ఓడిరి. తుదకు మారిషస్ ప్రభుత్వమే కదలి ప్రశ్నను ప్రపంచసభకు తెచ్చినది. 2019 ఫిబ్రవరి 25న అంతర్జాతీయ న్యాయస్థానము 13 మంది ఒకవైపు, ఒకరు మాత్రము వేఱువైపు నుండగా, ఆ విడదీత అన్యాయమనియు, 1965నాటి అంగీకారము ప్రజల స్వేచ్ఛాభిప్రాయము కాదనియు అభిప్రాయమిచ్చినది. 2025 మే 22న బ్రిటను, మారిషస్ ఒడంబడికపై సంతకములు చేసినవి. కాని సైనికస్థావరమున్న డియెగో గార్సియా దీవి 99 సంవత్సరముల కౌలుక్రింద బ్రిటను చేతిలో నుండునట్లు అందు వ్రాసికొనిరి. ఆ దీవివారు తిరిగి తమ గడప త్రొక్కు మార్గము అందు లేదు. నేలయొక్క ఏలుబడి చేతులు మారుట వేఱు. మనుష్యుడు ఇల్లు చేరుట వేఱు.

ఇపుడు మమ్ముగూర్చి చెప్పవలసియున్నది. తెలంగాణోద్యమమున నల్లకోటుతోనే వీధులలో నిలిచిన న్యాయవాదులలో మేమును ఒకరము. నీళ్ళు, నిధులు, నియామకములు అను నినాదమును ఎలుగెత్తి పలికితిమి. 2014 జూన్ 2న రాష్ట్రము వచ్చినది, ఆనందబాష్పములు రాల్చితిమి. మఱి 2016 జూన్‌లో మీరు మీ ఊరినడుమ రిలే నిరాహారదీక్షకు కూర్చుండి వందలాది దినములు సాగించినపుడు మాలో పెక్కురము ఏమి చేసితిమి? రాష్ట్రము క్రొత్తది, ఎండిన బోరులకు నీరు రావలయును, కొన్ని ఊళ్ళు త్యాగము చేయక తప్పదు అని మనస్సునకు సమాధానము చెప్పుకొంటిమి. త్యాగమనుమాట త్యాగము చేసినవాని నోటినుండి రావలయును. చేయించుకొన్నవాని నోట అది తగదు. లండను బల్లయొద్ద చాగోసును వదలుకొన్న మారిషస్ నాయకులను తప్పుపట్టుటకు ముందు, మా మౌనమును మేము తప్పుపట్టుకొనుచున్నాము.

మేము న్యాయమును వదలి ఆవేశముతో పోలిక చెప్పుట లేదు. చాగోసు పోయినది పరదేశపు సైన్యమునకు. మీ ఊరు పోయినది సాటి రైతు పొలమునకు నీరిచ్చుటకు. వారిని వీధులలో వదలిరి. మీకు ఇండ్లు, పరిహారము అను ఏర్పాటు కలదు. ఈ భేదములు చిన్నవి కావు. కాని ఒక్కచోట రెండు కథలును కలియుచున్నవి. 2015 జులై 30న వెలువడిన 123వ ప్రభుత్వ ఉత్తర్వు భూమిగలవానినుండి భూమి కొనుటకు మార్గము చూపినదే గాని, ఆ భూమిపై కూలిచేసి బ్రతుకువాని మాట తగినట్లు పట్టించుకొనలేదు. వ్యవసాయకూలీలే హైకోర్టు మెట్లెక్కిరి. 2016 ఆగష్టులో ఏకసభ్య ధర్మాసనము ఆ ఉత్తర్వును కొట్టివేసినది. అచ్చట కూలీలని వ్రాసి హక్కులు లేవనిరి. ఇచ్చట కూలీల సంగతి వ్రాయుటయే మఱచిరి. కాగితముపై లేనివాడు లేనట్లే యగుట రెండుచోట్లను ఒక్కటే.

ఇక పసిఫిక్ మహాసముద్రమునకు పోదము. బనాబా ఆరు చదరపు కిలోమీటర్ల దీవి. 1900లో అచ్చట ఫాస్ఫేటు కనుగొని, 1979 వఱకు త్రవ్వి, ఆస్ట్రేలియా, న్యూజిలాండు పొలములకు ఎరువుగ తరలించిరి. పరదేశపు చేను పండుటకు ఒక దీవి మట్టియే ఓడలెక్కినది. రెండవ ప్రపంచయుద్ధానంతరము, 1945 డిసెంబరులో, బనాబా ప్రజలను వేఱు వాతావరణముగల ఫిజీలోని రబీ దీవికి చేర్చిరి. త్రవ్విన చోట చెట్లు నాటెదమన్న మాట నిలువలేదు. వారు లండనులో దావా వేసిరి. విచారణ రెండువందల దినములకు మించి సాగెను. న్యాయమూర్తి స్వయముగ ఆ దీవికి పోయి చూచెను. 1976లో తీర్పు వచ్చెను: ప్రభుత్వమునకు నైతికబాధ్యత యుండవచ్చును గాని, న్యాయస్థానము అమలుజరుపదగిన ధర్మకర్తృత్వము లేదనిరి. పిదప కోటి ఆస్ట్రేలియా డాలర్లు దయగ ఇచ్చెదమనిరి.

వారు దావా ఓడిరి. కాని పూర్తిగ ఓడలేదు. 1979లో కిరిబాతి స్వతంత్రమైనపుడు, ఆ రాజ్యాంగములో ఒక అధ్యాయము ప్రత్యేకముగ బనాబావారికే కేటాయింపబడెను. రబీ సంఘమువారు నియమించు సభ్యునకు కిరిబాతి శాసనసభలో స్థానము. బనాబాకు పోయి నివసించుటకు ఆ ప్రజలకు హక్కు. అచ్చటి భూములపై వారి హక్కులకు రక్షణ. పరదేశములో నివసించుచు స్వదేశపు సభలో కుర్చీ నిలుపుకొన్న ప్రజలు వారు. న్యాయస్థానము ఇయ్యనిదానిని సంఘటితమైన పట్టుదల రాజ్యాంగముచేత ఇప్పించినది.

నౌరువారి మార్గము వేఱు. 21 చదరపు కిలోమీటర్ల ఆ దీవిని ఫాస్ఫేటుకై గుల్లచేసిన పిమ్మట, వారిని క్వీన్సులాండు తీరముననున్న కర్టిస్ దీవికి తరలింతుమని 1960 దశకమున ఆస్ట్రేలియా ప్రతిపాదించినది. ఇండ్లు, పౌరసత్వము ఇచ్చెదమనిరి. కాని వేఱు రాజ్యముగ నుండనిమ్మని నౌరువారు కోరగా అంగీకరింపలేదు. నౌరువారు 1964లో ఆ బేరమును నిరాకరించిరి. 1968 జనవరి 31న స్వతంత్రులైరి. పాడుచేసిన నేలకై 1989లో అంతర్జాతీయ న్యాయస్థానమున ఆస్ట్రేలియాపై వ్యాజ్యము వేసిరి. 1993లో రాజీపై పరిహారము పొందిరి. వ్యాజ్యము వేయుటకు వారికొక దేశము మిగిలియుండుటచేతనే ఇది సాధ్యమయ్యెను.

ఫిజీ పేరు వచ్చినది గనుక అచ్చటి మనవారి సంగతియు చెప్పవలయును. 1879 మే 14న లియోనిడాస్ అను ఓడ మొదటి భారతీయకూలీలను ఫిజీలో దింపినది. 1903 మొదలు మదరాసు రేవునుండియు ఓడలు పోయినవి. తెలుగువారును వానిలో పోయిరి. ఒప్పందమను ఇంగ్లీషుమాట వారి నోట గిర్మిటు అయ్యెను. 1916 నాటికి 60,000 మందికి మించి చేరిరి. 1920లో ఆ గిర్మిటు రద్దయ్యెను. 1941లో మనవారు దక్షిణ ఇండియా ఆంధ్రసంఘము స్థాపించుకొని పాఠశాలలు నడిపిరి. కాని ఫిజీలో నేలలో నాలుగైదవవంతులకు పైగ ఆదివాసి ఫిజీయులది; దానిని అమ్మరాదు. మనవారు కౌలుకు దున్నిరి. 1976 చట్టము ముప్పదియేండ్ల కౌలును చూపినది; 1997 మొదలు కౌళ్ళు తీరనారంభింపగా ఎందఱో చెఱకురైతులు నేల విడిచిరి. 1987లో రెండుమారులు, 2000లో ఒకమారు ప్రభుత్వములు బలవంతముగ కూలద్రోయబడినవి. ఫిజీయుడు తన నేల పోవునని భయపడుట అక్రమము కాదు; మూడుతరములు దున్నినవాడు నాకేమి హక్కని అడుగుటయు అక్రమము కాదు. మీరును ఇచ్చటివారికి క్రొత్తవారే. ఇరుగుపొరుగుతో పొత్తు కలుపుకొనుట మీ హక్కును బలపఱచునేగాని తగ్గింపదు.

కడపటి మాట తువాలుది. తొమ్మిది దీవులు, అన్నియు కలసి 26 చదరపు కిలోమీటర్లు, ఎత్తైనచోటు కూడ సముద్రమునకు అయిదు మీటర్లకు లోపు. 1978 అక్టోబరు 1న స్వతంత్రమైన ఆ దేశమును, భూతాపముచే పొంగు సముద్రము క్రమముగ ఆక్రమించుచున్నది. 2023లో వారు తమ రాజ్యాంగమును సవరించి, భూభాగము పోయినను తమ రాజ్యము శాశ్వతముగ నుండునని వ్రాసికొనిరి. అదేయేట ఆస్ట్రేలియాతో ఒడంబడిక చేసికొనిరి. అది 2024 ఆగష్టు 28న అమలులోనికి వచ్చినది. ఏటేట 280 మందికి ఆస్ట్రేలియాలో నివాసము దొరకును. సముద్రమట్టము పెరిగినను తువాలు రాజ్యత్వము, సార్వభౌమత్వము కొనసాగునని ఆస్ట్రేలియా అందు అంగీకరించినది. దానికి పెట్టిన పేరు ఫలేపిలి. వారి భాషలో మంచి ఇరుగుపొరుగుతనమని అర్థము.

2019లో దక్షిణపసిఫిక్ విశ్వవిద్యాలయపు న్యాయవిద్యార్థులు కొందరు, ఈ ప్రశ్నను ప్రపంచన్యాయస్థానమునకు తీసికొనిపోవలయునని పూనుకొనిరి. వనువాటు ప్రభుత్వము వారి మాట విని 2023 మార్చిలో ఐక్యరాజ్యసమితిచేత తీర్మానము చేయించినది. 2025 జులై 23న ఆ న్యాయస్థానము అభిప్రాయమిచ్చుచు, ఒకమారు రాజ్యము స్థాపితమైన పిమ్మట దాని అంగములలో నొకటి లోపించినంతమాత్రమున రాజ్యత్వము పోవుననుట తప్పనిసరి కాదనెను. మీ యువకులవంటి విద్యార్థులు మొదలిడిన పని ఇది.

సోదరులారా! ఈ దీవులన్నియు తిరిగివచ్చిన పిమ్మట మాకు తోచిన ధర్మములు మూడు.

మొదటిది, వ్రాత. మీ ఊరు నీటిలో నున్నది. మీ తలలలో ఇంకను నీరు చేరలేదు. పెద్దలు బ్రతికియుండగానే ఇంటింటి పేరు, వీధి, బావి, గుడి, దర్గా, చెట్టు, సర్వేనంబరు, ఎవరు దున్నిరి, ఎవరు కూలిచేసిరి, ఎవరు కుండ చేసిరి, ఎవరు బట్ట ఉతికిరి, ఎవరు గీతగీసిరి - సమస్తము ఒక గ్రంథముగ వ్రాయుడు. పాతపహాణీల నకళ్ళు సేకరించి జతపఱచుడు. చాగోసువారిని చెఱిపినది కలము. మిమ్ము నిలుపవలసినదియు కలమే.

రెండవది, హక్కు. 2013వ సంవత్సరపు భూసేకరణ చట్టమును చదువుడు. భూమి పోయినవాడు మాత్రమే బాధితుడని అది చెప్పదు. సేకరణకు ముందు మూడేండ్లుగ ఆ భూమిపై బ్రతికిన కూలి, కౌలుదారుడు, చేతిపనివాడు కూడ బాధితకుటుంబమే. పెండ్లియైనను కాకున్నను, స్త్రీయైనను పురుషుడైనను, వయస్సువచ్చిన ప్రతివ్యక్తి వేఱు కుటుంబము. విధవలు, విడాకులు పొందినవారు, భర్త విడిచినవారును వేఱు కుటుంబములే. ఎవరి పేరు పట్టికలో లేదో వారిచేత వ్రాతమూలకముగ కోరించుడు. ముట్టినట్లు రసీదు తీసికొనుడు. చదివి వినిపింపని కాగితముపై వేలిముద్ర వేయకుడు. 1982లో వేసిన ముద్ర 2012లో ఏమిచేసెనో ఇప్పుడే వింటిరి.

మూడవది, సభ. ఏటికొకమారైనను వేములఘాట్ పేరున కూడుడు. బోనము గాని, బతుకమ్మ గాని, పీరుల పండుగ గాని ఊరిపేరుతో జరుపుడు. ఇచ్చట పుట్టిన బిడ్డకు తన ఊరేదని అడిగినచో తడబడక చెప్పగలుగునట్లు పెంచుడు. మారిషస్ కోరంగులు దానిచేతనే నిలిచిరి. బనాబావారు దానిచేతనే సభలో కుర్చీ సంపాదించిరి.

మీరు చేయవలసినవి చెప్పితిమి. మావంటివారు చేయవలసినదియు కలదు. మారిషస్‌కు తన స్వాతంత్ర్యపు బాకీ జ్ఞప్తికి వచ్చి ప్రపంచన్యాయస్థానమున నిలుచుటకు అర్ధశతాబ్దము పట్టినది. తెలంగాణమునకు అంత కాలము పట్టరాదు. నీటివలన పొలము పండినవాడు, ఆ నీటి అడుగున ఎవరి ఇల్లున్నదో తెలిసికొని, వారి బాకీ తీరినదా యని అడుగవలయును. రాష్ట్రమును ప్రేమించినవారికే ఈ ప్రశ్న అడుగు బాధ్యత ఎక్కువ. ఆనాడు మేము అడుగలేదు, నేడు అడుగుచున్నాము.

వచ్చు ఆదివారము మొదలు ప్రతి ఆదివారము ఉదయము మేము ఈ కాలనీకి వచ్చి కూర్చుండెదము. మీ కాగితములు తెండు. రుసుము లేదు. చదువవచ్చిన పిల్లవానినొకనిని మాప్రక్కన కూర్చుండబెట్టుడు. పైన చెప్పిన గ్రంథమునకు మొదటిపుట ఆనాడే వ్రాయింతము. సెలవు.